టెంపరరీ ఉద్యోగిని రెండు లైన్ల ఆర్డరుతో తీసేస్తే చట్టంలో దారి ఉందా?

మీరు రాసింది చదివాను. మిగతావాళ్లకు కూడా అర్థం కావాలి కాబట్టి సంగతి ముందు రెండు ముక్కల్లో చెబుతాను. మదనపల్లె నుంచి వచ్చి బెంగళూరులో ఒక కేంద్ర ప్రభుత్వ ఆఫీసులో రెండేళ్లుగా టెంపరరీ క్లర్కుగా చేస్తున్నారు, స్టోర్ కూడా మీరే చూసుకునేవారు. ప్రింటర్ టోనర్లు లెక్కకు తగ్గాయని మెమో ఇచ్చి సంజాయిషీ రాయించుకున్నారు. మీరు లేనప్పుడు ఇద్దరు స్టాఫ్ దగ్గర స్టేట్‌మెంట్లు తీసుకున్నారు. ఆ తర్వాత నెల జీతం ఇచ్చి, టెంపరరీ సర్వీస్ రూల్స్ 5వ రూలు కింద మీ సర్వీసు ముగిసిందని రెండు లైన్ల ఆర్డరు చేతిలో పెట్టారు. అందులో టోనర్ల ఊసే లేదు. "టెంపరరీ వాళ్లకు ఎంక్వైరీ అక్కర్లేదు, ఎక్కడికెళ్లినా కేసు నిలబడదు" అని అడ్మిన్ సెక్షన్‌లో అన్నారట. అది నిజమేనా అని మీ ప్రశ్న.

సగం నిజం. ఆఫీసులో అందరూ గట్టిగా చెప్పేది ఆ సగమే. నేను లాయర్ని కాను. కేంద్ర ప్రభుత్వంలోనే పనిచేసి రిటైరయ్యాను, సర్వీసులో ఉన్నప్పుడూ ఆ తర్వాతా డిపార్ట్‌మెంటల్ ఎంక్వైరీల్లో ఉద్యోగుల తరఫున డిఫెన్స్ అసిస్టెంటుగా కూర్చుంటూ వచ్చాను, ఆ అనుభవంతో చెబుతున్నాను. కేసు వేసేముందు సర్వీసు కేసులు చూసే లాయరుకు కాగితాలన్నీ చూపించండి.

వాళ్లు చెప్పే సగం ఇదీ. 1965 నాటి సెంట్రల్ సివిల్ సర్వీసెస్ టెంపరరీ సర్వీస్ రూల్స్‌లో 5వ రూలు ప్రకారం మీరైనా ఆఫీసైనా నెల నోటీసుతో సర్వీసు ముగించవచ్చు, ఆఫీసు అయితే నోటీసు బదులు నెల జీతం ఇచ్చి ఆ రోజే పంపేయవచ్చు కూడా. ఉద్యోగుల క్రమశిక్షణ, శిక్షలు, అప్పీళ్ల గురించి అదే ఏడాది వచ్చిన సీసీఏ రూల్స్‌లో 11వ రూలు శిక్షల జాబితా ఇస్తుంది, దాని కింద వివరణలో టెంపరరీ ఉద్యోగిని ఇలా పంపేయడం శిక్ష కిందకు రాదని రాసే ఉంది. టెంపరరీ ఉద్యోగికి పోస్టు మీద హక్కు లేదని, పనికి తగినవాడు కాడనుకుని మామూలుగా పంపేస్తే తప్పు పట్టలేమని 1991లో కౌశల్ కిశోర్ శుక్లా కేసులో సుప్రీంకోర్టు కూడా అంది. అడ్మిన్ వాళ్ల ధీమా అంతా ఇక్కడే.

ఇప్పుడు వాళ్లు చెప్పని సగం. రాజ్యాంగంలో 311వ అధికరణం ఉంది కదా, సివిల్ పోస్టులో ఉన్నవాణ్ణి అభియోగాలు తెలియజేసి, ఎంక్వైరీ పెట్టి, చెప్పుకునే అవకాశం ఇవ్వకుండా డిస్మిస్ చేయకూడదు, రిమూవ్ చేయకూడదు, హోదా తగ్గించకూడదు అని చెప్పేది. అందులో పర్మనెంట్ ఉద్యోగికి మాత్రమే అని ఎక్కడా లేదు. ఈ సంగతి 1957 నవంబరులోనే పురుషోత్తమ్ లాల్ ధీంగ్రా కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది: టెంపరరీ అయినా, ప్రొబేషన్‌లో ఉన్నా, తీసేయడం శిక్షగా జరిగితే 311 రక్షణ ఉంటుంది. తమాషా ఏమిటంటే ఆ కేసులో ధీంగ్రా ఓడిపోయాడు, కానీ ఆయన కేసులో పుట్టిన సూత్రం పట్టుకుని తర్వాత ఎంతోమంది గెలిచారు.

కాబట్టి కోర్టు చూసేది మీ పోస్టు పేరు కాదు, ఆర్డరు పైకి మామూలుగా ఉన్నా లోపల అది శిక్షా కాదా అన్నది. ఆర్డరులోనే "అవాంఛనీయుడు" లాంటి మాట ఉంటే పని సులువు. 1963లో జగదీశ్ మిత్తర్ అనే టెంపరరీ ఉద్యోగి ఆర్డరులో సరిగ్గా అలాంటి మాటే ఉంటే, అది మచ్చ వేయడమే, అంటే శిక్షే అని సుప్రీంకోర్టు కొట్టేసింది. అప్పట్నుంచి డిపార్ట్‌మెంట్లు తెలివిమీరాయి. ఇప్పుడెవరూ ఆర్డరులో అలా రాయరు, మీ ఆర్డరులో రాయనట్టే.

అలా రాయనంత మాత్రాన తప్పించుకోలేరు. హైదరాబాద్ పోలీస్ అకాడమీలో జరిగినదే చూడండి. వాన పడి ట్రైనీ ఐపీఎస్‌లు కొందరు పొద్దుటి పీటీకి ఆలస్యంగా వచ్చారు, అందరి దగ్గరా సంజాయిషీ తీసుకున్నారు, అనూప్ జైస్వాల్ అనే ట్రైనీయే దీనికి నాయకుడు అనుకుని ఆయన్ని మాత్రం ఏ ఆరోపణా రాయకుండా మామూలు ఆర్డరుతో పంపేశారు. 1984లో సుప్రీంకోర్టు ఫైలు తెప్పించి చూసింది. తీసేయడానికి అసలు కారణం ఆ రోజు సంఘటనే, ఆర్డరు పైకి ఎలా ఉన్నా ముసుగు తీసి చూస్తాం, ఎంక్వైరీ లేకుండా ఇలా చేయడం చెల్లదు అని ఆయన్ని తిరిగి సర్వీసులోకి తీసుకోమంది. మీ కేసు వాసన కొంచెం ఇలాగే ఉంది.

కొంచెం అని ఎందుకన్నానంటే, మీకు లేనిపోని ఆశ పెట్టడం నాకు ఇష్టం లేదు. మెమో ఇచ్చినంత మాత్రాన, ఇద్దర్ని పిలిచి అడిగినంత మాత్రాన అది శిక్ష అయిపోదు. ఉద్యోగిని ఉంచాలా వద్దా అని తేల్చుకోవడానికి ఆఫీసు ప్రాథమిక విచారణ చేసుకోవచ్చని 1963లో చంపక్‌లాల్ కేసు చెప్పింది. కోర్టులు ఇక్కడ గీసే గీత సన్నగా ఉంటుంది. "ఇతని మీద ఏదో ఫిర్యాదు ఉంది, నిజమో కాదో తేల్చే ఓపిక మాకు లేదు, టెంపరరీయే కాబట్టి పంపేద్దాం" అనుకుంటే ఆ ఫిర్యాదు ప్రేరణ మాత్రమే, ఆర్డరు నిలబడుతుంది. "విచారించాం, ఇతనే టోనర్లు మాయం చేశాడని తేలింది, అందుకని పంపేద్దాం" అనుకుంటే ఆ నిర్ధారణే ఆర్డరుకు పునాది, ఎంక్వైరీ లేకుండా వేసిన శిక్ష అవుతుంది, ఆర్డరు కూలుతుంది. 2001లో పవనేంద్ర నారాయణ్ వర్మ కేసులో దీన్నే మూడు ప్రశ్నలుగా చేశారు: పూర్తి స్థాయి విచారణ జరిగిందా, అది దుష్ప్రవర్తన గురించేనా, దోషి అని తేల్చారా. మూడూ ఉంటే శిక్ష కింద లెక్క.

అంటే మీ కేసంతా ఆఫీసు ఫైల్లో నోట్‌షీట్ మీద ఎవరు ఏం రాశారన్న దాంట్లో ఉంది. వెంటనే ఆర్‌టీఐ వేయండి. ఫీజు పది రూపాయలు, ముప్పై రోజుల్లో జవాబివ్వాలి. "నా ఫైలు ఇవ్వండి" అని గుండుగుత్తగా రాయకండి. మెమో నంబరు, తేదీ వేసి, దానిపై జరిగిన విచారణ రిపోర్టు, ఆ ఇద్దరి స్టేట్‌మెంట్లు, ఆర్డరు జారీకి ముందున్న నోట్‌షీట్ పేజీలు, స్టోర్ వెరిఫికేషన్ రిపోర్టు అని విడివిడిగా అడగండి. విచారణ నడుస్తోంది కాబట్టి ఇవ్వలేం అని జవాబు రావచ్చు, వస్తే బెంగపడకండి. విచారణ ఉందని వాళ్లే రాసిచ్చినట్టు, ఆ కాగితమే దాచుకోండి. ఇవ్వకపోయినా ట్రిబ్యునల్ ముందు ఫైలు తెప్పించమని అడగవచ్చు.

రెండోది, ఎవరైనా ఫోన్ చేసి "రిజైన్ చేసినట్టు రాసివ్వు బాబూ, నీ రికార్డు క్లీన్‌గా ఉంటుంది, వేరే చోట ఉద్యోగం దొరుకుతుంది" అని తీయగా చెబితే రాసివ్వకండి. ఇలాంటి కేసుల్లో నాకు ఎదురైన అతి పెద్ద తలనొప్పి తేదీ వేయని రాజీనామా కాగితమే. ఎప్పుడో టెన్షన్‌లో సంతకం పెట్టి ఉంటారు, అది బీరువాలో ఉంటుంది, సరిగ్గా మీరు కేసు వేశాక బయటికొస్తుంది. ఇప్పటికే ఇచ్చి ఉంటే, అది ఆమోదించే లోపు వెనక్కి తీసుకుంటున్నానని లేఖ రాసి టపాలు సెక్షన్‌లో ఇచ్చి, మీ కాపీ మీద వాళ్ల ముద్ర, తేదీ, సంతకం వేయించుకోండి. ముద్ర వేయమని మొండికేస్తే అదే రోజు స్పీడ్‌పోస్టులో పంపండి, రసీదు పారేయకండి.

ఇక ఎక్కడికెళ్లాలి, ఎప్పటిలోగా. 5వ రూలు కింద వచ్చిన ఆర్డరు శిక్ష కాదని రూలే అంటోంది కాబట్టి దానిపై మామూలు అప్పీలు పనిచేయదు, కానీ అదే రూలులో రెండో సబ్‌రూలు ఉంది, పై అధికారి కేసును తిరిగి తెరిచి మిమ్మల్ని వెనక్కి తీసుకోవచ్చు. దానికి గడువు మూడు నెలలు, అది దాటితే మామూలుగా తెరవరు. కాబట్టి పది రోజుల్లో రిప్రజెంటేషన్, అంటే పై అధికారికి రాతపూర్వక విన్నపం ఇవ్వండి. రెండు పేజీలు చాలు. ఏడుపు వద్దు, జరిగింది తేదీలతో, మెమో నంబర్లతో రాయండి, "నాపై ఆరోపణ మీద నా వెనక విచారణ జరిపి శిక్షగా తొలగించారు, ఇది 311(2)కు విరుద్ధం" అన్న వాక్యం తప్పకుండా ఉండాలి.

దానికి జవాబు రాకపోయినా, కాదన్నా, తర్వాత సెంట్రల్ అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్, అందరూ క్యాట్ అనేది. బెంగళూరు బెంచ్ ఇందిరానగర్‌లో బీడీఏ కాంప్లెక్సులో ఉంటుంది. 1985 నాటి అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్స్ చట్టం 19వ సెక్షన్ కింద ఒరిజినల్ అప్లికేషన్, అంటే ఓఏ వేయాలి. ఫీజు యాభై రూపాయలే, కావాలంటే లాయరు లేకుండా మీరే వాదించుకోవచ్చు, అయినా లాయరుంటేనే మంచిది. 20వ సెక్షన్ ప్రకారం డిపార్ట్‌మెంటులో ఉన్న దారులు ముందు వాడి ఉండాలి, పై అధికారి ఆర్నెల్లు ఉలకకపోతే వాడినట్టే లెక్క. 21వ సెక్షన్ ప్రకారం తుది ఆర్డరు వచ్చినప్పట్నుంచి, జవాబే రాకపోతే ఆ ఆర్నెల్లు గడిచినప్పట్నుంచి, ఒక ఏడాది.

ఇక్కడే చాలామంది చేతులారా పోగొట్టుకుంటారు. జవాబు రాలేదని రిమైండర్ మీద రిమైండర్, మంత్రికి ఒకటి, పీఎం పోర్టల్లో ఒకటి పంపుకుంటూ రెండేళ్లు కూర్చుంటారు. రూల్లో లేని రిప్రజెంటేషన్లు ఎన్ని పంపినా గడువు పొడిగించవని 1989లో రాథోర్ కేసులో ఏడుగురు జడ్జీల బెంచ్ చెప్పేసింది. ఆలస్యం మన్నించమని అడిగే వీలు చట్టంలో ఉంది కానీ సరైన కారణం చూపించాలి, తెలియక అన్నది కారణం కాదు.

మీరు బెంగళూరులో రూము ఖాళీ చేసి ఊరెళ్లిపోదామని చూస్తున్నారన్నారు కదా, వెళ్లండి. సర్వీసు పోయినవాళ్లు తాము నివసిస్తున్న చోటి బెంచ్‌లో కూడా వేసుకోవచ్చని క్యాట్ ప్రొసీజర్ రూల్స్‌లో 6వ రూలు వీలిస్తుంది, మదనపల్లె అయితే హైదరాబాద్ బెంచ్. కానీ ఫైలూ ఆఫీసూ ఇక్కడే ఉన్నాయి, బస్సెక్కితే సాయంత్రానికి తిరిగి ఊరు చేరతారు. నా లెక్కలో ఇందిరానగరే నయం. క్యాట్‌లో ఓడితే హైకోర్టు డివిజన్ బెంచ్‌కు రిట్. 1997లో చంద్రకుమార్ తీర్పు వచ్చాక వరస ఇదే, నేరుగా హైకోర్టుకు పోతే ముందు ట్రిబ్యునల్‌కు వెళ్లమంటారు.

కర్ణాటక రాష్ట్ర ప్రభుత్వంలో చేసే మనవాళ్లు ఇది చదువుతుంటే, మీకు క్యాట్ కాదు, కేజీ రోడ్డులో కందాయ భవనలో ఉన్న రాష్ట్ర ట్రిబ్యునల్, రూల్స్ కూడా వేరు, 1957 నాటి కర్ణాటక సీసీఏ రూల్స్. అక్కడ మెమోలూ స్టేట్‌మెంట్లూ కన్నడంలో ఉంటాయి. మన లిపికి దగ్గరే కదా అని కూడబలుక్కుని చదివేసి సంతకం పెట్టేవాళ్లను చూశాను. అలా వద్దు. "కాపీ అందింది, కన్నడం పూర్తిగా అర్థం కాదు, అనువాదం ఇప్పించగలరు" అని రాసి, దాని కింద సంతకం పెట్టండి. ఆంధ్ర, తెలంగాణ, తమిళనాడుల్లో రాష్ట్ర ట్రిబ్యునళ్లు రద్దయ్యాయి, అక్కడి రాష్ట్ర ఉద్యోగులు నేరుగా హైకోర్టుకే.

ఇప్పుడు మీరు గెలిచారనుకుందాం. చాలాసార్లు తీర్పు ఎలా ఉంటుందంటే, ఆర్డరు రద్దు, తిరిగి తీసుకోండి, కావాలంటే రూల్ ప్రకారం ఎంక్వైరీ పెట్టుకోండి. అంటే అసలు ఎంక్వైరీ అప్పుడు మొదలవుతుంది. ఛార్జ్ మెమో, అంటే అభియోగాల పత్రం వస్తుంది, సీసీఏ రూల్స్ 14వ రూలు కింద పెద్ద శిక్షకు. జవాబుకు పదిహేను రోజులు. అందులో కథంతా రాయకండి, "ఆరోపణలు నిరాకరిస్తున్నాను, విచారణ కోరుతున్నాను" చాలు, మిగతా సంగతి ఎంక్వైరీలో. సర్వీసులో ఉన్నవాణ్ణో రిటైరైనవాణ్ణో డిఫెన్స్ అసిస్టెంటుగా పెట్టుకునే హక్కు మీకుంది. వాళ్ల తరఫు ప్రజెంటింగ్ ఆఫీసరు లాయరైతే తప్ప మామూలుగా మీకు లాయర్ని ఒప్పుకోరు.

ఎంక్వైరీ రూములో జాగ్రత్తగా ఉండాల్సింది సాయంత్రం. రోజంతా సాక్షుల్ని అడుగుతారు, అయిదు దాటాక డైలీ ఆర్డర్ షీట్, అంటే ఆ రోజు జరిగింది రాసిన కాగితం ప్రింటు తీసి, అప్పటికే అందరూ బ్యాగులు సర్దుకుంటుండగా, "సంతకం పెట్టెయ్యండి, రొటీనే" అంటారు. అందులో ఎక్కడో మధ్యలో "ఉద్యోగి కోరిన డాక్యుమెంట్లన్నీ చూశారు, ఇంకేమీ అక్కర్లేదన్నారు" అని ఒక లైను ఉంటుంది. మీరు స్టాక్ రిజిస్టరు అడిగి ఉంటారు, వాళ్లు చూపించి ఉండరు. ఆ లైను మీద సంతకం పడిందంటే రేపు క్యాట్‌లో మీ వాదన సగం పోయినట్టే. ఆరు దాటినా సరే మొత్తం చదవండి, తప్పుంటే పెన్నుతో "స్టాక్ రిజిస్టరు చూపించలేదు" అని రాసి సంతకం పెట్టండి, కాపీ తీసుకోండి. స్టేట్‌మెంట్లు ఇచ్చిన ఆ ఇద్దరూ వచ్చి మీ ఎదుట చెప్పాలి, మీరు క్రాస్ చేయాలి. కాగితం ఫైల్లో పెట్టినంత మాత్రాన రుజువు కాదని, దాన్ని సాక్షి వచ్చి నిరూపించాలని 2008లో రూప్ సింగ్ నేగీ కేసు చెబుతుంది. ఎంక్వైరీ రిపోర్టు కాపీ శిక్ష వేయకముందే మీకివ్వాలి. ఈ హక్కును 1993లో మన హైదరాబాద్ ఈసీఐఎల్ ఉద్యోగి కరుణాకర్ కేసు ఖాయం చేసింది. ఆ తర్వాత శిక్ష పడితే అప్పీలుకు నలభై అయిదు రోజులు. కోర్టులు సాక్ష్యాన్ని మళ్లీ తూచవు, పద్ధతి తప్పారా, శిక్ష మరీ అన్యాయంగా ఉందా అని మాత్రమే చూస్తాయి, అందుకే ఎంక్వైరీలోనే గట్టిగా ఉండాలి.

మధ్యలో సస్పెండ్ చేస్తే జీవనభృతి, అంటే సబ్సిస్టెన్స్ అలవెన్సు రావాలి: హాఫ్ పే లీవ్ జీతంతో సమానమైన మొత్తం, దాని మీద డీఏ. వేరే ఉద్యోగం చేయడం లేదని సర్టిఫికెట్ ఇస్తుండాలి. కేజీఎఫ్‌లో సెక్యూరిటీ ఆఫీసరుగా చేసిన పాల్ ఆంథోనీకి సస్పెన్షన్‌లో ఈ భృతి ఇవ్వలేదు, ఆయన సొంతూరు కేరళ వెళ్లిపోయాడు, డబ్బుల్లేక, ఒంట్లో బాగాలేక ఎంక్వైరీకి రాలేకపోయాడు, యాజమాన్యం ఆయన లేకుండానే ముగించి డిస్మిస్ చేశారు. అదే ఆరోపణ మీద నడిచిన క్రిమినల్ కేసులో ఆయన నిర్దోషిగా బయటపడ్డాడు. భృతి ఇవ్వకుండా నడిపిన ఎంక్వైరీ చెల్లదని 1999లో సుప్రీంకోర్టు ఆయన్ని తిరిగి తీసుకోమంది. సస్పెన్షన్ తొంభై రోజుల్లో సమీక్షించాలి, మూడు నెలల్లో ఛార్జ్ మెమో రాకపోతే కొనసాగించకూడదని 2015 తీర్పు ఉంది.

మీ ఫ్రెండు కాంట్రాక్టు మీద చేస్తున్నారు, ఆమెకూ ఇదే వర్తిస్తుందా అని చివర్లో అడిగారు. 5వ రూలు ఆమెకు వర్తించదు, ఆమె కాంట్రాక్టు షరతులే ఆమెకు రూలు. అయితే కాంట్రాక్టు ఉద్యోగిని కూడా తప్పు చేసిందని ముద్ర వేసి విచారణ లేకుండా పంపకూడదు. మధ్యప్రదేశ్‌లో సర్వశిక్షా అభియాన్ కాంట్రాక్టు ఉద్యోగిని కేసులో 2024 ఆగస్టులో సుప్రీంకోర్టు అలాంటి ఆర్డరునే కొట్టేసింది. ఏజెన్సీ ద్వారా వచ్చిన అవుట్‌సోర్సింగ్ వాళ్ల పరిస్థితి వేరు, కాగితం మీద యజమాని ఏజెన్సీ, 311 అక్కడ పనిచేయదు, కార్మిక చట్టం దారే. ఏడాదిలో 240 రోజులు చేసినట్టు హాజరు, పీఎఫ్ రికార్డులు ఉంచుకోవాలి. ఇంకోటి, పర్మనెంట్ చేయమని అడిగే కేసునూ దీన్నీ కలపకండి. కర్ణాటక నుంచే వెళ్లిన ఉమాదేవి కేసులో 2006లో వచ్చిన తీర్పు చూపించి డిపార్ట్‌మెంటు వాళ్లు ప్రతి టెంపరరీ వాణ్ణీ భయపెడతారు. అది రెగ్యులరైజేషన్ గురించి, శిక్ష గురించి కాదు. మీ ఓఏలో "నన్ను పర్మనెంట్ చేయాలి" అని ఒక అభ్యర్థన అదనంగా తగిలిస్తే వాళ్లకు ఆ తీర్పును మీరే అందించినట్టు.

కేసు నడిచే లోపు ఇంటి ఖర్చుకు ప్రైవేటులో చేరవచ్చు, తప్పు లేదు. అయితే ఓఏలో ఖాళీగా ఉన్నానని మాత్రం రాయకండి, వెనక జీతం అడిగినప్పుడు పీఎఫ్ ఖాతా చూస్తే బయటపడిపోతుంది.

ఒక విషయం మీరు రాయలేదు. ఆఖరి జీతం బిల్లు తీసి చూడండి, టోనర్ల ఖరీదు ఏమైనా పట్టుకున్నారా? ఆఫీసుకు జరిగిన నష్టాన్ని జీతంలోంచి రాబట్టడం సీసీఏ రూల్స్ 11వ రూలులో ఉన్న శిక్షల్లో ఒకటి, దానికి 16వ రూలు ప్రకారం నోటీసిచ్చి మీ జవాబు విని ఆర్డరు వేయాలి. అలా ఏమీ లేకుండా పట్టుకుని ఉంటే, అది మామూలు టెర్మినేషన్ అని వాళ్లు చెప్పేదానికి వాళ్ల బిల్లే అడ్డం వస్తుంది. ఆ బిల్లు, అపాయింట్‌మెంట్ ఆర్డరు, టెర్మినేషన్ ఆర్డరు మీ చేతికి అందిన తేదీ, ఈ మూడూ చెప్పండి, రిప్రజెంటేషన్ డ్రాఫ్టు నేను చూసిపెడతాను.